కాపలా పేరు

పేర్ల పుస్తకం మీద చెక్క స్కేలు ఒక్కొక్క వరస కిందికి జరుపుకుంటూ అర్థాలమ్మ చదువుతోంది. స్కేలు పైనున్న వరస తప్ప మరొకటి కంటికి ఆనకూడదు. అలా కాకపోతే కన్ను మోసం చేస్తుంది. తెలిసిన మాట కనబడగానే మిగిలింది చూడకుండా దూకేస్తుంది. వరసకో పేరు, పేరు పక్కన అది ఏ భాషలోంచి వచ్చిందో, ఆ పక్కన దాని అర్థం. ఎడమ చేతివైపు నిఘంటువులు గోడలా పేర్చి ఉన్నాయి. సరిపోతే నీలం పెన్సిలుతో టిక్కు. తప్పయితే ఎర్ర గీత. అనుమానమైతే పక్కన చిన్న సున్నా.

'నళిని: తామర పువ్వు' అని ఉంది. నిఘంటువు తీసి చూసింది. పువ్వు కాదు, తామరతీగ, తామర కొలను. 'పువ్వు' మీద ఎర్రగా గీసి, పైన చిన్నక్షరాలతో 'కొలను' అని రాసింది.

"ఏం వదినా, ఇవాళ ఎంతమందికి పేర్లు పెట్టావు, ఎంతమందికి పీకావు?" గుమ్మం దగ్గర అచ్చయిన ఫారాలు కుట్టుకుంటూ బైండింగ్ వదిన అడిగింది.

"ఒకావిడ ఇన్నాళ్ళూ పువ్వనుకుంటోంది. కొలనని చెప్పాను."

"మంచిదే, పువ్వయితే వాడుతుంది. మా మేనల్లుడికి ధీరుడని అర్థం వచ్చే పేరు ఏరికోరి పెట్టారు. బల్లి కనిపిస్తే మంచమెక్కి కూర్చుంటాడు. పేరు గొప్ప, ఊరు దిబ్బ." దారం పళ్ళతో తెంపి నవ్వింది.

అర్థాలమ్మ అనేది ఆమెకి తల్లిదండ్రులు పెట్టిన పేరు కాదు. మెషిను నడిపేవాడు ఎప్పుడో సరదాకి అన్నాడు. అది జిగురులా అంటుకుపోయింది. పిల్లలకి పేరు వెతుక్కునే తల్లిదండ్రులు కొనే పుస్తకం ఇది. ప్రెస్సులో అందరికీ అన్నం పెట్టేది ఇదే. ఈసారి కొత్త అచ్చుకి అట్ట మీద 'ప్రతి అర్థం సరిచూసినది' అని వేయించాలని యజమాని పట్టుదల. సరిచూసే పని ఆమెది. అంతకుముందు ఆమె భర్తది. ఆయన పోయాక అదే కుర్చీలో, అదే స్కేలుతో, ఆమె.

స్కేలు కిందికి జరిపింది. చెయ్యి ఆగిపోయింది.

పేర్లన్నీ కాగితం మీద నోరు మూసుకుని పడుకుని ఉంటాయి. ఎక్కడో ఒకటి మాత్రం ఇలా కేకలా లేస్తుంది. అదీ ఆయన గొంతుతో, చివరి అక్షరం వీధి దాకా సాగదీసి. అలా వినబడిందంటే అది కాపలా పేరు. దానికి టిక్కూ లేదు, గీతా లేదు. స్కేలు దాటించెయ్యడమే.

కాపలా పేరంటే లోకంలో లేని పేరు. ఎవడో ఈ పుస్తకాన్ని ఉన్నదున్నట్టు ఎత్తి తన పుస్తకమని అచ్చేసుకుంటే పట్టుకునేదెలా? మంచి పేర్లు అందరివీ, వాటి మీద ఎవరికీ హక్కు లేదు. అందుకని అసలు లేని పేర్లు కొన్ని కల్పించి, వాటికో భాష, ఓ అర్థం తగిలించి, మంచి పేర్ల మధ్య దూర్చేవారు. దొంగ పుస్తకంలో ఆ పేరు కనబడితే దొంగ దొరికినట్టే. కల్పించే పని ఆయనది. కల్పించి ఊరుకునేవాడు కాదు. సాయంత్రం వీధి నిండా జనం ఉన్నప్పుడు, తన వెనక ఉన్న కిటికీ తెరిచి, బయటికి వంగి, ఆ పేరుతో గట్టిగా పిలిచేవాడు. ఎవరైనా తలెత్తితే ఆ పేరు పనికిరాదు. ఎవరూ తిరగకపోతే అది ఎవరి పేరూ కాదని తేలినట్టే. పుస్తకంలోకి ఎక్కించేవాడు. కింద టీ కొట్టాయనకి అదో వేడుక. "ఏం సార్, ఇవాళ ఎవరు తప్పిపోయారు?" అని అరిచేవాడు.

ఆ కిటికీ ఇప్పుడు మూసి ఉంది. దాని ముందు అమ్ముడుపోని పుస్తకాల కట్టలు నడుమెత్తు పేర్చారు. వెలుతురు పై రెక్కలోంచి మాత్రం ఒక పట్టీలా వచ్చి బల్ల మీద పడుతుంది.

"పిన్నీ, ఎవరో వచ్చారు. అర్థం గురించట. నువ్వే మాట్లాడు." యజమాని గుమ్మంలోంచి తల పెట్టి చెప్పి, వచ్చినవాళ్ళని లోపలికి పంపాడు. అతని తండ్రి ఆమె భర్తని తమ్ముడూ అని పిలిచేవాడు. అందుకని అతనికి ఆమె పిన్ని.

వచ్చింది ఇద్దరు. ముందు ఒక పెద్దావిడ, వెనక చిన్న వయసు కోడలు. కోడలి చేతిలో పాత అచ్చు పేర్ల పుస్తకం ఉంది. మధ్యలో ఒక పుటలో చూపుడువేలు పెట్టి మూసి పట్టుకుంది. కూర్చున్నా ఆ వేలు తియ్యలేదు.

"ఈ పుస్తకం రాసింది మీరేనా?" పెద్దావిడ అడిగింది.

"రాసింది కాదమ్మా. సరిచూసేదాన్ని."

"ఎవరైతేనేం. మా ఇంట్లో పెద్దవాళ్ళం లేనట్టు, మా మహాతల్లి మీ పుస్తకం ముందేసుకుని పిల్లకి పేరు పెట్టింది. మేం చెప్పినవి ఒక్కటీ నచ్చలేదు. ఎవరికీ లేని పేరు కావాలంది. పెట్టింది. పిల్ల పోయింది."

గుమ్మం దగ్గర సూది ఆగింది.

"జ్వరం వచ్చిందండీ," అంది కోడలు, నేల చూస్తూ.

"జ్వరం ఎవరికి రాదు? నా కడుపున పుట్టినవాళ్ళకి రాలేదా? మా వీధిలో భాషలన్నీ తెలిసిన పెద్దాయన ఉన్నాడు. ఆయన్ని అడిగాను. లవీర అంటే లవం అన్నాడు. లవమంటే పిసరంత. నిమిషంలో పిసరు. పిసరంత సేపు ఉండి పోయేదని చేతులారా పేరు పెట్టుకుంటే ఏమవుతుందమ్మా అన్నాడు."

చెప్పకూడని మాట నోటి నుంచి జారినట్టు పెద్దావిడ పెదవులు బిగించింది. భుజం మీది పైట సరిచేసుకుంది, అక్కడ ఏదో బరువు ఉన్నట్టు, అది జారుతున్నట్టు. అది పిల్లని ఎత్తుకునే భుజమని అర్థాలమ్మకి తెలిసింది.

"మీ పుస్తకంలో వేరేగా ఉందండీ," కోడలు వేలు తియ్యకుండానే పుస్తకం తెరిచి చూపించింది. "లవీర. ప్రాచీన భాష. నిలిచి ఉండేది. అది చూసే పెట్టాను. ఏది నిజమో చెప్పండి."

"నిజం చెప్పాలి," అంది పెద్దావిడ. "పుండు మీద కారం చల్లడానికి రాలేదు. తెలుసుకుందామని వచ్చాం."

అర్థాలమ్మ ఆ పుట చూసింది. వేలు పెట్టిన చోట అచ్చు మాసి, అక్షరాలు పల్చబడి ఉన్నాయి. చూడక్కర్లేదు. పెద్దావిడ నోట ఆ పేరు వినబడగానే వెనక కిటికీ దగ్గర ఆయన పిలిచాడు. లవీరా.

"ఎల్లుండి రండి," అంది. "చూసి చెప్తాను."

కోడలు లేచింది. గుమ్మం దాకా వెళ్ళి వెనక్కి తిరిగింది. "నాకు ఏది అయినా ఫరవాలేదండీ. నిజం అయితే చాలు."

వాళ్ళు మెట్లు దిగిన చప్పుడు తగ్గాక బైండింగ్ వదిన సూది మళ్ళీ ఎత్తింది.

*

"చూడ్డానికేముంది పిన్నీ, నాలుగు మంచి మాటలు రాసి ముద్ర కొట్టి ఇచ్చేద్దాం." యజమాని ఆమె బల్ల అంచున కూర్చుని, ఎర్ర పెన్సిలు వేళ్ళ మధ్య తిప్పుతున్నాడు. "నిలిచి ఉండేది, శుభమైన పేరు, అని. ఆ వీధి పండితుడి నోరు మూతపడుతుంది. ఆ పిల్లకి ఇంట్లో మనశ్శాంతి. మనకి పుణ్యం."

"అది కాపలా పేరు నాయనా."

పెన్సిలు ఆగింది. "నిజంగా?"

"మీ బాబాయి పిలిచిన రోజు నేను పక్కనే ఉన్నాను."

అతను లేచి తలుపు దగ్గరగా వేశాడు. "పిన్నీ, ఇది ఈ గది దాటితే ఏమవుతుందో తెలుసు కదా. ఒక్కటి కల్పితమని తెలిస్తే మిగిలినవన్నీ కల్పితమే అంటారు. అట్ట మీద ఏం వేయిస్తున్నామో చూశావుగా. మెషినతనికి ముగ్గురు పిల్లలు. వదినకి ఇదే ఆధారం. నాకు మాత్రం ఇంకేముంది?" గొంతు తగ్గించాడు. "పైగా నిజం చెప్పి ఆ పిల్లకి ఏం ఒరగబెడతావు? కడుపు కోతలో ఉన్నదాని దగ్గరికి వెళ్ళి, నీ కూతురికి పెట్టిన పేరు ఉత్తుత్తిదమ్మా అంటావా? దొంగల్ని పట్టే బోను అమ్మా అంటావా? నా వల్ల కాదు. నీ వల్ల అవుతుందా?"

అతను చెడ్డవాడు కాదు. ఆయన మంచాన పడ్డప్పుడు ఆస్పత్రిలో పక్కన పడుకున్నది ఇతనే. అతను అన్నదాంట్లో తప్పు వెతికింది, సున్నా పెట్టడానికైనా. దొరకలేదు.

"రాసి పెట్టు నాయనా," అంది.

అతను వెళ్ళాక స్కేలు మళ్ళీ పట్టుకుంది. చదువుతుంటే పేర్లు ఒక్కొక్కటీ జారిపోతున్నాయి. ఇన్నాళ్ళూ కాపలా పేరు వచ్చినప్పుడల్లా దాటించేది. పొలంలో దిష్టిబొమ్మని దాటి నడిచినట్టు. బొమ్మ లోపల ఎవరైనా ఉంటారని ఎవరు అనుకుంటారు? ఇప్పుడు ఆగి చూస్తే భయం వేసింది. ఇంకా ఎన్ని? వెనక్కి తిప్పింది. ఒక మగపిల్లాడి పేరు, 'వెలుగు తెచ్చేవాడు'. ఆయన పిలుపు. ఒక ఆడపిల్ల పేరు, 'మాట తప్పనిది'. ఆయన పిలుపు. ఎక్కడో ఒక బడిలో మాస్టారు ఆ పేరు చదివితే ఒక పిల్లాడు లేచి నిలబడుతున్నాడేమో. ఒక తల్లి గుమ్మంలో నిలబడి ఆ పేరుతోనే అన్నానికి పిలుస్తోందేమో. వాళ్ళంతా తిరిగి చూస్తున్నట్టు అనిపించింది. ముఖాలు లేవు. తిరగడం మాత్రం కనిపిస్తోంది.

ఆ రోజు గుర్తొచ్చింది. గుర్తు రావడం కాదు, కుర్చీ వెనక నిలబడింది. ఆయన అద్దాలు నుదుటి మీదికి తోసుకుని, పెదవులు కదుపుతూ అక్షరాలు అటూ ఇటూ మార్చాడు. లరీవ. వలీర. లవీర. "ఇది బాగుందోయ్, నోటికి నిండుగా ఉంది," అన్నాడు. కిటికీ రెక్క తోశాడు. వీధి చప్పుడంతా గదిలో పడింది. చేతులు రెండూ చట్రం మీద ఆనించి, నడుము వంచి, గుండెల నిండా గాలి పీల్చి పిలిచాడు.

"లవీరా!"

సైకిళ్ళు వెళ్ళాయి. బడి వదిలిన పిల్లలు వెళ్ళారు. ఒక్క తల కూడా తిరగలేదు. టీ కొట్టాయన మాత్రం గరిటె ఊపాడు. "ఎవరు సార్ ఇవాళ? దొరకలేదా?"

"దొరకలేదోయ్," అన్నాడాయన నవ్వుతూ. కిటికీ మూసి వచ్చి కూర్చున్నాడు. నవ్వు ముఖం మీద ఇంకా ఉంది, కళ్ళలో లేదు. వాళ్ళకి పిల్లలు లేరు. ఆ మాట ఇద్దరూ అనుకునేవారు కాదు. పెన్సిలు చెక్కుతూ, "అర్థం ఏం పెడదాం?" అన్నాడు. ఆమె ఏదో ఒకటి పెట్టమంది. "నిలిచి ఉండేది," అని రాశాడు.

ఆయన దాన్ని అలా ఎందుకు రాశాడో ఆమె అప్పుడు అడగలేదు. ఇప్పుడు అడగడానికి మనిషి లేడు.

ఇంటికి వెళ్ళింది. పొయ్యి వెలిగించి గిన్నె పెట్టి, నీళ్ళు పొయ్యడం మరిచిపోయింది. గిన్నె మాడిన వాసన వచ్చేదాకా గోడ వైపు చూస్తూ నిలబడింది. పక్కవాటాలో ఒక తల్లి కొడుకుని పేరు పెట్టి కేకేసింది. ఆ పిల్లాడు "ఆఁ!" అన్నాడు. అంతే. పిలుపు, బదులు. ఆ రెండింటి మధ్య ఎంత చోటుందో ఆమె ఎప్పుడూ కొలిచి చూడలేదు.

*

ఉత్తరం తయారైంది. ప్రెస్సు పేరున్న మంచి కాగితం, అందమైన అక్షరాలు. 'లవీర అను నామము ప్రాచీనము, శుభకరము. నిలిచి ఉండునది అని అర్థము.' కింద ఆమె సంతకానికి చోటు. సంతకం చేసింది. ఆమె అక్షరం గుండ్రంగా, కుదురుగా ఉంటుంది. ఈసారి తోక వణికింది. ముద్ర పెట్టె మూత తీసి, ముద్ర కొట్టి, సిరా అంటుకోకుండా పైన పీల్చుడు కాగితం అద్దింది.

కోడలు ఒక్కతే వచ్చింది.

"అత్తయ్యగారు రాలేదండీ. మోకాళ్ళ నొప్పులు. నన్నే తెలుసుకు రమ్మన్నారు." కూర్చుంది. పుస్తకం అదే చోట వేలు పెట్టి ఉంది.

"మీ అత్తగారు బాగా తిడుతోందా?"

"తిట్టరండీ. తిడితే బాగుండును." పుస్తకం అట్ట నిమిరింది. "పిల్ల బట్టలు ఆవిడే ఉతికి మడతపెట్టారు. ఉయ్యాల ఆవిడే విప్పారు. ఆ పేరు మాత్రం ఇంట్లో ఎవరూ పలకకూడదన్నారు. మా ఆయన కూడా పాప అనే అంటారు. పాప, పాప. అందరి పిల్లలూ పాపలేగా అండీ."

"నువ్వు?"

"నేను లోపల అనుకుంటాను. బయటికి అనను. అన్నానంటే అత్తయ్యగారు లేచి వెళ్ళిపోతారు. నిజంగా ఆ పేరే మింగేసిందేమో అని నాకూ భయం." పుస్తకం ఒళ్ళోకి లాక్కుంది. "మాటలు రాలేదండీ దానికి. నడక మాత్రం వచ్చింది. ఎవరు ఎంత చిటికెలు వేసినా, ఏ ముద్దుపేరు పెట్టినా పట్టించుకునేది కాదు, మహా గర్వం. లవీరా అంటే మాత్రం ఎంత ఆటలో ఉన్నా గిరుక్కున తిరిగేది. తిరిగే ఊపుకి కూలబడేది కూడా. కూలబడి నవ్వేది."

చెప్తూ చెప్తూ నవ్వింది. నవ్వుతున్నానని తెలిసి ఆపేసింది.

అర్థాలమ్మ ఉత్తరం చేతికిచ్చింది. కోడలు అందుకుని, పెదవులు కదుపుతూ చదివింది. మళ్ళీ చదివింది. ముఖం తేలికపడుతుందని అర్థాలమ్మ చూస్తూ కూర్చుంది. దాని కోసమే కదా ఇదంతా. ముఖంలో ఉన్న కాస్త రక్తమూ పోయింది.

"అయితే తప్పు నాదేనన్నమాట," అంది కోడలు, నెమ్మదిగా, లెక్క తేలినట్టు.

"అదేమిటి తల్లీ? మంచి పేరని రాశాంగా."

"అవునండీ. నిలిచి ఉండేదని పేరు. నిలవలేదు. ఆ పండితుడు చెప్పిందే నిజమైతే పేరు తప్పనుకునేదాన్ని. పెట్టడం నా పొరపాటు, తెలియక చేశాను, అని ఎప్పటికైనా సరిపెట్టుకునేదాన్ని. పేరు మంచిదే అంటున్నారు. ముద్ర కూడా వేశారు. పేరుకి నిలబెట్టే బలం ఉండి కూడా పిల్ల నిలవలేదంటే ఇంక మిగిలింది నేనేగా. నా పాలల్లో లేదు, నా చేతుల్లో లేదు. తెల్లారాక ఆస్పత్రికి తీసుకెళ్దాంలే అనుకున్న బుద్ధి నాదే." కాగితం జాగ్రత్తగా మడిచింది. "నిజం అయితే చాలన్నాను కదండీ. చాలు."

లేవబోయింది.

గుమ్మం దగ్గర బైండింగ్ వదిన కుడుతున్న ఫారం వదిలేసి అర్థాలమ్మ వైపు చూస్తోంది. పక్క గదిలో మెషిను ఆడుతోంది. అట్టలు పడుతున్నాయి. ప్రతి అర్థం సరిచూసినది, ప్రతి అర్థం సరిచూసినది.

"కూర్చో," అంది అర్థాలమ్మ. "ఆ కాగితం ఇలా ఇవ్వు."

కోడలు ఇచ్చింది. అర్థాలమ్మ దాన్ని బల్ల మీద పరిచి, మడత చేత్తో సాపుచేసింది. వెనక్కి తిరిగి కట్టల మీదుగా కిటికీ చూపించింది.

"ఆ పేరు అక్కడ పుట్టింది."

"ఎక్కడండీ?"

"ఈ కుర్చీలో, ఆ కిటికీలో. మా ఆయన కల్పించాడు. ఏ భాషా కాదు. ఏ పుస్తకంలోనూ లేదు. మా పుస్తకం దొంగిలించేవాళ్ళని పట్టుకోడానికి అలాంటి పేర్లు కొన్ని కల్పించి పెట్టేవాడు. వీధిలోకి పిలిచి చూసేవాడు, ఎవరైనా ఉన్నారేమోనని. ఈ పేరు పిలిచినప్పుడు నేను పక్కనే ఉన్నాను. ఎవరూ తిరగలేదు. అందుకే పెట్టాడు."

కోడలు కళ్ళు ఆర్పకుండా చూస్తోంది. ఇప్పుడు ఏడుస్తుంది, లేదా చేతిలోని పుస్తకం విసిరికొడుతుంది. విసిరితే తగలనీ అనుకుంది అర్థాలమ్మ.

"మరి పిసరంత అనేది?" కోడలు అడిగింది.

"లేదు. ఆ పెద్దాయన తనకి తెలిసిన మాట ఏదో అందులో వెతుక్కున్నాడు. వెతికితే ఎందులోనైనా ఏదో ఒకటి దొరుకుతుంది."

"నిలిచి ఉండేది అనేది?"

"అదీ లేదు. నోటికొచ్చింది రాశాడు." కాగితం అంచు సరిచేసింది. "మాకు పిల్లల్లేరు. అందుకని రాసుంటాడు."

"అంటే ఏమీ లేదు."

"ఏమీ లేదు తల్లీ."

"మంచీ లేదు. చెడ్డా లేదు."

"ఉత్త పేరు."

కోడలు ఒళ్ళోని పుస్తకం వైపు చూసుకుంది. తర్వాత ఆ పుటలోంచి వేలు తీసింది. వేలు నొక్కుడుపడి తెల్లగా ఉంది. ఇంకో చేత్తో దాన్ని రుద్దుకుంది.

"అయితే అది ఏం చెయ్యలేదు," అంది.

"చెయ్యలేదు."

"నేను పెట్టానని ఏం కాలేదు."

"కాలేదు. జ్వరం వచ్చింది. అంతే."

"జ్వరం వచ్చింది," అంది కోడలు. ఆ మాట మొదటిసారి వింటున్నట్టు అంది. చేతి వెనక భాగంతో ముక్కు తుడుచుకుంది. ఏడుపు వచ్చింది. ఇంటికి పరిగెత్తుకొచ్చిన పిల్ల ఆయాసపడ్డట్టు వచ్చి, దానంతట అదే తగ్గింది. బైండింగ్ వదిన లేచి వెళ్ళి నీళ్ళ గ్లాసు తెచ్చి, ఆ పిల్ల చేతిలో పెట్టి, తల మీద ఒకసారి చెయ్యి వేసి, తన చోటికి పోయి కూర్చుంది.

అర్థాలమ్మ ఉత్తరం తిరగేసి, వెనకవైపు నల్ల సిరాతో రాసింది. 'లవీర అనే పేరు మా ప్రెస్సులో నా భర్త కల్పించినది. దీనికి ఏ భాషలోనూ ఏ అర్థమూ లేదు. ఎవరికీ మేలు గాని కీడు గాని చేసే శక్తి దీనికి లేదు. ఈ సంగతి నేను కళ్ళారా చూశాను.' సంతకం పెట్టింది. ఈసారి తోక వణకలేదు. అదే ముద్ర మళ్ళీ కొట్టింది. ముందువైపు రాసినదాని మీద ఎర్ర గీత అడ్డంగా గీసింది.

"మీ అత్తగారికి చూపించు. ఆవిడకి నా మీద కోపం వస్తుంది. రానీ. మోకాళ్ళు తగ్గాక తీసుకురా. లేకపోతే నేనే వస్తాను."

"ఆవిడ కూడా అదే భయంతో ఉన్నారండీ," అంది కోడలు. "పేరు వద్దని గట్టిగా అడ్డం పడి ఉండాల్సిందని ఎవరికీ వినబడకుండా ఏడుస్తారు." కాగితం మడిచి పుస్తకంలో పెట్టింది. గుమ్మం దగ్గర ఆగింది. ఏదో అడగాలని నోరు తెరిచి, మానేసి, మెట్లు దిగింది.

అర్థాలమ్మ కుర్చీలో కూర్చుంది. స్కేలు చేతిలోకి తీసుకుంది. పెట్టేసింది. లేచి కిటికీ ముందున్న పుస్తకాల కట్ట ఒకటి ఎత్తి నేల మీద పడేసింది. దుమ్ము లేచింది. ఇంకొకటి లాగింది.

"ఏంటి వదినా, ఏం చేస్తున్నావు?"

"ఓ చెయ్యి వెయ్యి."

ఇద్దరూ కలిసి కట్టలు పక్కకి జరిపారు. గడియ తుప్పుపట్టి బిగుసుకుపోయింది. స్కేలు అంచుతో దాన్ని పైకి పొడిచింది. స్కేలు మూల చిట్లింది. గడియ వదిలింది. రెక్క అరచేత్తో తోసింది. వీధి చప్పుడంతా ఒక్కసారిగా గదిలో పడింది.

కింద జనం. సాయంత్రం వేళ. ఆ పిల్ల అప్పటికే టీ కొట్టు దాటి అవతలి పక్కకి నడుస్తోంది. పుస్తకం గుండెకి ఆనించుకుని, తల వంచుకుని, ఎవరి వెనకో ఎవరి ముందో తెలియనట్టు గుంపులో కలిసిపోతోంది.

అర్థాలమ్మ చేతులు రెండూ చట్రం మీద ఆనించింది. అక్కడ పెయింటు రెండుచోట్ల అరిగి నున్నగా ఉంది. ఆమె అరచేతులు సరిగ్గా ఆ చోట పడ్డాయి. జీవితంలో ఎప్పుడూ వీధిలోకి కేకేసిన మనిషి కాదు. గాలి పీల్చింది. మొదట గొణుగుడు వచ్చింది. వెనక నిలబడి ఎవరో అద్దాలు నుదుటి మీదికి తోసుకున్నట్టయింది. గట్టిగా, ఇంకా గట్టిగా, చివరి అక్షరం వీధి చివర దాకా.

"లవీరా!"

సైకిళ్ళు వెళ్ళిపోయాయి. మూట మోస్తున్నవాడు వెళ్ళిపోయాడు. టీ కొట్టాయన, ఇప్పుడు జుట్టంతా తెల్లబడ్డవాడు, చప్పున తలెత్తాడు. పాత మాట నోటిదాకా వచ్చింది. అంతలో అవతలి పక్క ఏదో చూసి, గరిటె అలాగే పట్టుకుని ఊరుకున్నాడు.

అవతలి పక్క ఆ పిల్ల గిరుక్కున తిరిగింది. తిరిగిన ఊపుకి ఒక అడుగు తూలింది. నిలదొక్కుకుంది. ముఖం పైకెత్తి కిటికీ వైపు చూసింది. జనం ఆమెకి అటూ ఇటూ చీలి వెళ్తున్నారు. చెయ్యి ఊపలేదు, ఏడవలేదు. పెదవులు మాత్రం కదిలాయి. ఇంత దూరం నుంచి వినబడదు. కాని ఎవరైనా పిలిస్తే మనిషి ఏమంటుందో అదే అందని అర్థాలమ్మకి తెలుసు.

కాసేపటికి ఆ పిల్ల మళ్ళీ నడిచింది. ఈసారి తల వంచుకోలేదు.

"ఎవర్ని పిలిచావు పిన్నీ?" యజమాని పరుగున వచ్చాడు. తెరిచిన కిటికీ, నేల మీద కట్టలు, దుమ్ము, బల్ల మీద మూత తీసి ఉన్న ముద్ర పెట్టె చూశాడు. బైండింగ్ వదిన వైపు చూశాడు. ఆమె సూదిలో దారం ఎక్కించుకుంటోంది. అతనికి అర్థమైంది. బల్ల అంచున కూలబడ్డాడు. "చెప్పేశావా?"

"చెప్పేశాను."

"ఇప్పుడెలా?"

ఆమె కూర్చుని, కొత్త అచ్చు ప్రూఫు దగ్గరికి లాక్కుంది. మూల చిట్లిన స్కేలు లవీర ఉన్న వరస కింద పెట్టింది. 'ప్రాచీన భాష' మీద ఎర్ర గీత. 'నిలిచి ఉండేది' మీద ఎర్ర గీత. తర్వాత నీలం పెన్సిలు తీసుకుని, ఇన్నాళ్ళూ గుర్తేమీ లేకుండా దాటించిన ఆ పేరు పక్కన, నెమ్మదిగా, కుదురుగా టిక్కు పెట్టింది.

"అదేంటి పిన్నీ, అర్థం తీసేసి పేరు ఉంచుతావా? కాపలాకైనా ఓ అర్థం ఉండాలిగా?"

"ఇది ఇక కాపలాకి పనికిరాదు నాయనా," అంది అర్థాలమ్మ. "ఇప్పుడే పిలిచి చూశాను. ఒకరు తిరిగారు."